మా కొట్టంలో ఆమె తలుపు

రాయి బుజ్జీ. ముందే చెబుతున్నా, ఆమె పేరు మాత్రం రాయొద్దు. బతికుండగా ఒకసారి సొసైటీ ఆఫీసు గోడ మీద ఎర్రరంగుతో ఆమె పేరు రాయించారు. అప్పు ఎగ్గొట్టినవాళ్లు అని పైన పెద్దక్షరాలు, కింద ఆమె మొగుడి పేరు, పక్కన ఆమె పేరు. ఊరంతా చదివింది, ఆమె తప్ప. ఆమెకు చదువు రాదు. మళ్లీ ఆ పేరును ఎక్కడైనా రాయించే మొహం నాకు లేదు.

నిన్న మిర్యాలగూడ బస్టాండులో నన్ను సూర్యాపేట బస్సెక్కిస్తూ, ఎవరింటికి అమ్మమ్మా అని అడిగావు. ఊళ్లో ఒకామె పోయింది, దినాలు కూడా అయిపోయినాక తెలిసింది, చూసొస్తా అన్నాను. చుట్టమా అన్నావు. కాదన్నాను. మరి దోస్తా అన్నావు. చిల్లర వెతుక్కుంటున్నట్టు సంచిలోకి చూశాను. ఆ జవాబే ఇప్పుడు చెబుతున్నా.

మా ఊరు చివ్వెంల దగ్గరని నీకు తెలుసు. నేను కోదాడ పిల్లను. పెళ్లై వచ్చిన కొత్తలో నా మాట విని ఊళ్లో ఆడవాళ్లంతా నవ్వేవాళ్లు, ఆంధ్ర కలిసిందని. వాళ్లలో ఎక్కువ నవ్వింది ఈమే. నేను కూరగాయలామెతో "ఎంతండీ" అంటే, వెనక నుంచి "అండీ, ఉండండీ, తినండీ" అని రాగం తీసేది. నాకంటే పదేళ్లు పెద్దది. నేను అక్కా అనేదాన్ని. మీ తాత సొసైటీకి చైర్మన్ అయిన రోజు నుంచి ఆమె నన్ను చైర్మనమ్మా అని పిలవడం మొదలుపెట్టింది. అది మర్యాదో ఎకసెక్కమో నాకు ఏనాడూ తేలలేదు.

మనిషి ఎట్లా ఉండేదంటే, ఎండుకట్టెలాగా సన్నగా, పొడుగ్గా. మాట మొదలుపెట్టే ముందు చూపుడువేలు పైకెత్తి "ఒక్క మాట" అనేది. అది ఒక్క మాటతో ఎప్పుడూ ఆగలేదనుకో. చివర్లో "గంతే. ఇన్నవా?" అని అడిగేది. మనం ఊ అంటే సరిపోదు. విన్నానక్కా అని నోరు తెరిచి చెప్పాలి. చెప్పేదాకా అక్కడి నుంచి కదిలేది కాదు. బియ్యంలో రాళ్లేరుతూ ఊ అన్నానని ఒకసారి నా చేతిలో చేట లాక్కుంది. "నీకు రాళ్లు కనవడుతున్నయి గని నేను కనవడుతలేనా" అంది.

ఇక తలుపుల సంగతి చెప్పాలి. సొసైటీ అంటే సహకార సంఘం, రైతులు ఎరువులకూ విత్తనాలకూ అప్పు తెచ్చుకునేది. మార్చి వచ్చిందంటే పైనుంచి వసూళ్లు వసూళ్లని ఒకటే ఒత్తిడి. అప్పుడు మనుషుల్నీ ట్రాక్టరునూ వేసుకుని ఊళ్లోకి పోయి, కట్టనివాళ్ల ఇళ్ల తలుపులు ఊడదీసి తెచ్చేవాళ్లు. నవ్వకు, నిజం. ఒక్క మా ఊళ్లోనే కాదు, చుట్టుపక్కలంతా అదే పద్ధతి. మీ తాత దానికి లెక్క కూడా చెప్పేవాడు. గేదెను తెస్తే గడ్డి వెయ్యాలి. మోటారు తేబోతే ముందురాత్రే బావిలోంచి తీసి దాచేస్తారు. తలుపుకు మేత అక్కర్లేదు, దాన్ని దాచడానికీ కుదరదు. అన్నిటికన్నా పెద్ద లెక్క ఏమిటంటే, తలుపు లేని ఇంట్లో ఆడవాళ్లు కూర్చున్నా లేచినా బజారుకు కనిపిస్తుంది. ఆ సిగ్గుతో ఎక్కడో చేబదులు తెచ్చి కట్టేస్తారు. సిగ్గు మీద నడిచే వసూలు అది. సొసైటీ గోదాములో యూరియా బస్తాలుంటాయి కాబట్టి తెచ్చిన తలుపులన్నీ మా పశువుల కొట్టంలో గోడకు ఆనించేవాళ్లు. పొద్దున్నే పాలు పిండడానికి పోతే ఊళ్లోవాళ్ల ఇళ్లన్నీ వచ్చి మా గోడకు నిలబడ్డట్టుండేది.

ఆ ఏడు ఆమె మిరపకాయలేరడానికి గుంపుతో కలిసి ఖమ్మం వైపు పోయింది. మొగుడు చనిపోయి అప్పటికి రెండేళ్లు. కొడుకు కోదాడలో లారీ మీద పనిచేస్తున్నాడు. కోడలు కాన్పుకు నిడమనూరులో తల్లిగారింట్లో ఉంది. ఇంటికి తాళం. మనవాళ్లు తాళంతో సహా తలుపు ఊడదీసి తెచ్చారు.

ఆమె తిరిగొచ్చిన రోజు నాకు బాగా గుర్తు. మిరపకాయల మూట నెత్తిన పెట్టుకుని నేరుగా మా వాకిట్లోకి వచ్చింది. ముఖమంతా మంట మంటగా ఎర్రబడి ఉంది.

"చైర్మన్ సాబ్ ఉన్నడా? నా ఇంట్ల దొంగలు పడ్డరు. ఏం తియ్యలే, తలుపు పీక్కపోయిండ్రు. పోలీసోళ్లకు ఫోన్ జెయ్యమను."

నా చేతిలో పాలచెంబు ఉంది. ఆమె మూట దింపుకోవడానికి కొట్టం వైపు తిరిగింది. తన తలుపు కనిపించింది. వేప చెక్క తలుపు. కొడుకు పుట్టిన ఏడు మొగుడు దగ్గరుండి చేయించాడట. నడిమధ్యలో కన్నులాగా ఒక ముడి. మన గడపలకు పూసినట్టు దాని అడుగున పసుపు పూసిన మరక ఇంకా ఉంది, తాళం కూడా వేసినట్టే ఉంది.

దగ్గరికి పోయి తాళం పట్టుకుని లాగి చూసింది. తర్వాత నా వైపు తిరిగి, "దొంగలు మనోళ్లేనా చైర్మనమ్మా" అంది. "అయితే ఫోన్ వద్దులే."

మీ తాత బయటికొచ్చి నోటీసు ఇచ్చాం కదా అన్నాడు. ఎక్కడిచ్చిండ్రని ఆమె అడిగింది. నీ తలుపుకే అంటించాం, అదుగో అని చూపించాడు. నిజమే, తలుపు మీద కాగితం ఉంది. దాని చుట్టూ తడి తగలకుండా ఎవరో శుభ్రంగా తుడిచినట్టు కూడా ఉంది.

"గదా? గది పోలియో చుక్కలోళ్లు అంటించిండ్రనుకున్న. వాళ్లు సుద్దముక్కతోని గీతలు పెడ్తరు, ఓట్లోళ్లు ఏదో అంటిస్తరు, జనాభా లెక్కలోళ్లు ఏదో రాస్తరు. సర్కారు కాయితం చింపొద్దని చుట్టూ తుడుసుకుంట వచ్చిన. ఏం రాసిండ్రు దాంట్ల?"

బాకీ కట్టమని, ఏమన్నా చెప్పుకునేది ఉంటే ఫలానా రోజు వచ్చి చెప్పుకొమ్మని రాసి ఉందట. ఆమె మొగుడి పేరు మీద.

"ఆయన్ను రమ్మన్నరా?" అంది. నవ్విందో ఏడ్చిందో నాకు తెలియలేదు. "ఆయన రాలేదని నా తలుపు పీకిండ్రా? పోయిన మనిషి ఏడికెల్లి వస్తడు చైర్మన్ సాబ్, నువ్వే జెప్పు."

మీ తాత, పైసలు కట్టు, తలుపు తీస్కపో అన్నాడు. ఆమె వేలు పైకెత్తింది.

"ఒక్క మాట. కట్టనని నేనన్లే. ఆయన తెచ్చిన అప్పు నేను కడ్త. గని నన్ను కూసోబెట్టి ఒక్కపారి అడుగుండ్రి. ఎందుకు కట్టలేదు, ఎప్పుడు కడ్తవు అని. నేను జెప్పింది ఇనుండ్రి. ఇన్నంక ఉంచుకుంటే ఉంచుకోండి. గంతే. ఇన్నవా?"

మీ తాత లోపలికి వెళ్లిపోయాడు. ఆ ప్రశ్న నా మీదే మిగిలింది. విన్నానక్కా అన్నాను. నేను వింటే ఏమొస్తుంది చెప్పు.

ఆ మర్నాటి నుంచి ఆమె తలుపును చూడటానికి రావడం మొదలుపెట్టింది. కూలికి పోయేముందు వచ్చేది. వచ్చి ముందు తలుపు మీద వేళ్లతో టక్ టక్ మని కొట్టేది. మన ఊళ్లల్లో ఎవరూ తలుపు కొట్టరు, బయటి నుంచే ఇంట్ల ఎవరున్నరని కేకేస్తారు. ఎందుకు కొడుతున్నావక్కా అంటే, "దానికి అలవాటు పోతది. కొట్టుకుంట ఉండాలె" అనేది. కొంగుతో దుమ్ము తుడిచేది, చెద పట్టిందేమోనని అడుగున చూసేది, మా ఎద్దు దానికి ఒళ్లు రుద్దుకుంటుంటే తిట్టేది. శుక్రవారం పసుపు పూసేది. నేను టీ ఇస్తే తాగేది. ఎప్పుడూ వద్దనలేదు. నాకు అదే ఎక్కువ కష్టంగా ఉండేది. ఒకసారైనా గ్లాసు విసిరికొడితే నాకు కొంచెం తేలికయ్యేదేమో.

ఇంటి గుమ్మానికి పాత చీర కట్టింది. నిడమనూరు నుంచి కోడలు మూడో నెల పసిగుడ్డుతో వచ్చింది. బాలింత ఉన్న ఇంట్లోకి గాలి రాకూడదని మన నమ్మకం కదా, ఆ చీరేమో గాలికి పందిరిదాకా ఎగిరేది. ఆమె గుమ్మానికి అడ్డంగా మంచం వేసుకుని పడుకునేది. "కుక్కలు వస్తే ఫర్వాలేదు, అదిలిస్త. గాలిని ఏం జెయ్యాలె" అని నాకు చెప్పేది. ఇంటికి ఎవరొచ్చినా ఆ చీర ముందు ఆగి, ఏం చెయ్యాలో తెలియక దగ్గేవాళ్లట. "మా ఇంటికొచ్చెటోళ్లందరికీ దగ్గు పట్టింది" అనేది. నేను నవ్వేదాన్ని. నవ్వాక సిగ్గేసేది.

అన్నం పెడుతూ మీ తాతతో అన్నాను, ఆమెను ఒకసారి పిలిచి వినరాదా అని. "ఒక్కరిది ఇంటే అందరిది ఇనాలె. అందరూ కతలు జెప్తరు. కతలు ఇనుకుంట కూసుంటే వసూలు ఎవడు జేస్తడు" అన్నాడు. పప్పు బాగుందన్నాడు. చెడ్డవాడు కాదు మీ తాత. ఆ సంగతీ రాయి. చెడ్డవాడైతే నాకు ఇంత బాధ ఉండేది కాదు.

తర్వాత సూర్యాపేట నుంచి తనిఖీకి ఒక అధికారి వచ్చాడు. సొసైటీ లెక్కలు చూసి, మధ్యాహ్నం భోజనానికి మా ఇంటికే తీసుకొచ్చారు. వరండాలో ఆకులు వేశాం. మీ తాత, సెక్రటరీ, ఇద్దరు డైరెక్టర్లు కూర్చున్నారు. కోడికూర, బగారన్నం. ఆ రోజు ఆమెకు పొద్దున్న వీలుకాలేదేమో, సరిగ్గా ఆ సమయానికే వచ్చింది. కొట్టం వెనకవైపు దారి నుంచి వచ్చింది కాబట్టి ఎవరికీ కనబడలేదు. టక్ టక్ అని వినిపించింది.

అధికారి చెయ్యి ఆపి, "ఎవరో తలుపు కొడుతున్నట్టున్నారమ్మా" అన్నాడు.

వీధి తలుపు బార్లా తెరిచి ఉంది. అక్కడెవరూ లేరు. మీ తాత నా వైపు చూశాడు. నా చేతిలో కూరగిన్నె. ఆ ఊరికంతటికీ మర్యాదస్తుల ఇల్లు మాది. పెద్దాయన ముందు మా కొట్టంలో ఊరివాళ్ల తలుపులున్నాయని ఎట్లా చెప్పను? "ఎవరూ లేరండీ, గాలి" అన్నాను.

మళ్లీ టక్ టక్ మంది. ఆ వెనకే గొంతు.

"గాలి కాదు చైర్మనమ్మా. నేను."

బుజ్జీ, ఆ మాట అరిచి చెప్పలేదు. తిట్టలేదు. రోజూ టీ తాగుతూ మాట్లాడినప్పుడు ఏ గొంతో అదే గొంతు. నా చేతిలో గిన్నె వంగి కూర ఆకు దాటి ఆ అధికారి ప్యాంటు మీద పడింది. రాశావా? రాయి. సిగ్గుపడాల్సింది నేను, నువ్వు కాదు.

అధికారి చెయ్యి కడుక్కుని కొట్టంలోకి నడిచాడు. గోడకు వరసగా ఆనించిన తలుపులు చూశాడు. పసుపు పూసిన తలుపు పక్కన నిలబడ్డ ఆమెను చూశాడు. తలుపు మీది కాగితం చదివాడు.

"ఈ పేరు ఎవరిది?"

"మా ఆయనది సార్. పోయిండు."

"మరి మిమ్మల్ని పిలిచారా? మీరేం చెబుతారో విన్నారా?"

"చైర్మనమ్మ ఇన్నది సార్, రోజూ" అంది. నా వైపు చూసి చెప్పింది. నన్ను కాపాడాలనే అన్నదని ఇప్పటికీ అనుకుంటాను. అంతకంటే పెద్ద దెబ్బ నా జన్మలో తినలేదు.

అధికారి మీ తాతతో గట్టిగా ఏమీ అనలేదు. అప్పు వసూలు చెయ్యండి, అది మీ పని, కానీ మనిషిని పిలిచి వినకుండా ఇట్లా చెయ్యడం కుదరదు, ఆమె పేరు మీద నోటీసు ఇచ్చి, చదివి చెప్పించి, రోజు పెట్టి వినండి అన్నాడు. మిగిలిన కోడికూర తినకుండానే జీపెక్కాడు.

అధికారి చెప్పినట్టే ఒక రోజు పెట్టారు. సొసైటీ ఆఫీసులో. టీ ఫ్లాస్కు తీసుకెళ్లే వంకతో నేనూ వెళ్లి కిటికీ పక్కన నిలబడ్డాను. మగవాళ్లు కుర్చీల్లో ఉన్నారు. ఆమె గుమ్మం దగ్గరే ఆగి, తెరిచి ఉన్న తలుపును టక్ టక్ మని కొట్టింది. సెక్రటరీ రా రా అన్నాడు. ఆమె వచ్చి నిలబడి, "కూసోమనుండ్రి" అంది. స్టూలు తెచ్చారు.

ఇక చెప్పడం మొదలుపెట్టింది. బోరు ఎండిపోయింది, మొగుడికి కామెర్లు వచ్చాయి, సూర్యాపేట దవాఖానలో ఎన్నాళ్లున్నారు, మంచం పక్కన ఏ ఊరివాళ్లున్నారు, డాక్టరమ్మ ఏమంది, అన్నీ. సెక్రటరీ గడియారం చూసి, "అసలు సంగతికి రా అవ్వా" అన్నాడు.

"సంగతిలనే ఉన్న బిడ్డా. తలుపు పీకటానికి మీకు ఒక పూట దొరికింది గద, నాది ఇనటానికి గూడ ఒక పూట దొరుకుతది."

ఎవరూ మళ్లీ గడియారం చూడలేదు. ఆఖరికి తేల్చింది ఇంతే. బాకీ ఒప్పుకుంటున్నా. పత్తి ఏరినాక సగం, వడ్లు అమ్మినాక సగం. మాఫీ అడగలేదు. నువ్వడిగావు చూడు ఇందాక, ఇంత చేసి ఆమె అడిగిందేమిటని. ఇదే. చివర్లో వేలు పైకెత్తి ఒక్కొక్కర్నీ చూసి, "గంతే. ఇన్నరా?" అంది. విన్నామని ఒక్కొక్కరితో చెప్పించుకుంది. మీ తాతతో కూడా. ఆయన నేల చూపులు చూస్తూ, "ఇన్న" అన్నాడు.

ఆ సాయంత్రమే తలుపును ట్రాక్టరులో వేసుకుని మీ తాతా సెక్రటరీ బయల్దేరారు. చూస్తే దాని లోపలి గొళ్లెం లేదు. మా కొట్టంలోనే ఎక్కడో పడింది. నేనూ పనిమనిషీ గడ్డి కింద వెతికాం, దొరికాక దాన్ని కొంగులో పట్టుకుని ట్రాక్టరు వెనక నడిచాను. వాళ్ల వీధి మలుపు దాకా పోయి, అక్కడ ఆగాను. ఒక పిల్లతో గొళ్లెం లోపలికి పంపించాను. అక్కడ నుంచే చూశాను. తలుపు బిగించారు. ఆమె మూసింది, తెరిచింది, కీచుమంటోందని నూనె పోయించింది. తర్వాత మీ తాతనూ సెక్రటరీనీ బయట నిలబెట్టి, తను లోపలికి పోయి గొళ్లెం వేసుకుంది.

లోపలి నుంచి, "ఇగ కొట్టుండ్రి" అంది.

వీధివాళ్లంతా చూస్తున్నారు. సెక్రటరీ నవ్వుతూ వేలితో ఒకసారి కొట్టాడు. "ఎవలూ?" అంది. సొసైటీ సెక్రటరీనమ్మా అన్నాడు. తలుపు తీసి, "గట్ల రావాలె. రాండ్రి, చాయ్ తాగుండ్రి" అంది. సెక్రటరీ లోపలికి వెళ్లాడు. మీ తాత కొట్టలేదు. ట్రాక్టరెక్కి వచ్చేశాడు. నేను అడ్డదారిన పడి ఆయన కంటే ముందే ఇంటికి చేరుకున్నాను.

ఆమె చెప్పినట్టే పత్తికి సగం, వడ్లకు సగం కట్టేసింది. మిగిలిన తలుపులవాళ్లను కూడా పిలిచి వింటామన్నారు. ఇద్దరిని పిలిచారు. తర్వాత ఎన్నికలొచ్చాయి, మీ తాత ఓడిపోయాడు. మా కొట్టంలో రెండు తలుపులు అట్లాగే ఉండి చెదలు తినేశాయి. వాటిని ఎవరూ చూడటానికి రాలేదు. సిగ్గుపడి రాలేదు. వాళ్లను వచ్చి అడగమనైనా నేను చెప్పలేదు.

ఆమె తర్వాత కూడా నాతో మామూలుగానే ఉంది. బావి దగ్గర, బస్సులో, పెళ్లిళ్లలో. "మా ఇంటికొకపారి రా చైర్మనమ్మా, ఇన్ని తాపల టీ పోసినవు, నేనొకపారి పొయ్యొద్దా" అనేది. వస్తా అక్కా అనేదాన్ని. నెలల తరబడి ఆ తలుపును మా కొట్టంలో చూశాను. ఆ ఇంటికి మాత్రం ఏనాడూ పోలేదు. మీ తాత పోయాక మిర్యాలగూడ వచ్చేశాను. ఇక పోవాల్సిన అవసరం లేదని అనుకున్నాను.

నిన్న పోయాను. మిట్టమధ్యాహ్నం. చుట్టాలందరూ వెళ్లిపోయారు, వీధిలో ఎవరూ లేరు. అదే తలుపు. వేప ముడి అట్లాగే ఉంది. పసుపు కొత్తది, ఎవరో మొన్ననే పూసినట్టుంది. తలుపు దగ్గరగా వేసి ఉంది, గొళ్లెం పెట్టలేదు. తోస్తే తెరుచుకుంటుంది. మన అలవాటు ప్రకారం, ఇంట్ల ఎవరున్నరని కేక వెయ్యొచ్చు.

నేను చెయ్యెత్తి కొట్టాను. టక్ టక్.

లోపల పళ్లెం కింద పెట్టిన చప్పుడైంది. కోడలి గొంతు, అప్పటి బాలింతది. "ఎవలూ?" అంది.

చైర్మనమ్మను అని చెప్పనా? కోదాడామెనని చెప్పనా? పేరు చెబితే ఆ కోడలికి తెలియదు. చెయ్యి ఆ ముడి మీద పెట్టుకుని నిలబడ్డాను.

లోపల నుంచి ఒక చిన్నపిల్ల, ఆ కోడలి మనవరాలు కాబోలు, "ఎవరూ లేరు నాయినమ్మా, గాలి" అంది.

అంతే బుజ్జీ. కాదు, నేనే అని చెప్పడానికి నాకు చాలాసేపు పట్టింది.